ఏ కాలు?

చెన్నైలో మెడికల్ కోడింగ్ చేస్తున్నానంటే మా ఊళ్లో చాలామంది డేటా ఎంట్రీ అనుకుంటారు. "నంబర్లు కొట్టేదానికి బీఫార్మసీ దేనికమ్మా?" అని అడుగుతారు. నెల్లూరు, ఒంగోలు, చిత్తూరు వైపు నుంచి డిగ్రీ అవగానే వచ్చి వేళచ్చేరి హాస్టళ్లలో దిగే పిల్లలు కూడా మొదట్లో అలాగే అనుకుంటారు. నిజానికి మాది చదివే పని. ఒక్కో మాటా ఆగి చదవాల్సిన పని.

నాకు వచ్చేవి ఆర్థో చార్టులు, అంటే ఎముకల జబ్బులున్న పేషెంట్ల రికార్డులు, ఎక్కువగా పాదాలవి. అమెరికాలో డాక్టరు రాసిన నోట్ చదివి, ఆయన తేల్చిన జబ్బుకి ఐసీడీ-10-సీఎం అనే జబ్బుల పట్టికలోంచి కోడ్ వేయాలి. ఇన్సూరెన్స్ డబ్బు రావడం, ఆగడం చాలావరకు ఆ కోడ్ మీదే ఉంటుంది. అక్కడ 2015 అక్టోబరు 1 దాకా పాత ఐసీడీ-9 నడిచింది. అందులో మడమ ఎముక ముల్లులా పెరిగితే 726.73 ఒక్కటే, ఏ కాలో తెలిసేది కాదు. ఇప్పుడు కుడికి ఎం77.31, ఎడమకు ఎం77.32. అరికాలి పొర దెబ్బతిని మడమ నొప్పి పెట్టే ప్లాంటార్ ఫేషియైటిస్‌కి మాత్రం ఇప్పటికీ రెండు కాళ్లకూ ఎం72.2 ఒక్కటే.

మొన్న కొత్తగా చేరిన కావలి అమ్మాయి ఒక చార్టు దగ్గర ఆగిపోయింది. నోట్ మొదట్లో ఎడమ పాదం నొప్పి అని ఉంది. చివర్లో కుడి పాదంలో స్ట్రెస్ ఫ్రాక్చర్, అంటే పదేపదే ఒత్తిడి పడి ఎముకలో వచ్చే సన్నటి పగులు, అని ఉంది. "అక్కా, ఎక్స్‌రే రిపోర్టులో కుడే ఉంది కదా, ఎం84.374ఏ వేసేయనా?" అంది. వద్దన్నాను. ఏ కాలో మనం తేల్చకూడదు, డాక్టరే చెప్పాలి. ఆయనకి క్వెరీ, అంటే రాతపూర్వకంగా ప్రశ్న, పంపించాం. ఆ క్వెరీలో "కుడే కదా?" అని కూడా రాయకూడదు. రెండు చోట్లా ఉన్నది ఉన్నట్టు చూపించి, ఏది సరైనదో చెప్పమనాలి. టార్గెట్ టెన్షన్‌లో ఈ రెండు నిమిషాలు బరువుగానే ఉంటాయి. కానీ ఆ చివర ఉన్నది ఒక మనిషి కాలు.

ఆ ఎం84.374ఏ కోడ్ చివర ఉన్న "ఏ" అంటే పేషెంటు మొదటిసారి వచ్చాడని కాదు. ఇంకా చురుగ్గా వైద్యం నడుస్తోందని. మామూలుగా మానుతుంటే "డి", ఎముక అతకకపోతే "కె". ఇక క్లినిక్‌కి వచ్చిపోయే పేషెంటు నోట్‌లో "ఫ్రాక్చర్ ఉండొచ్చు" అని మాత్రమే ఉంటే ఫ్రాక్చర్ కోడ్ వేయకూడదు. కుడి పాదం నొప్పి, ఎం79.671, అంతవరకే. అనుమానాన్ని జబ్బుగా రాస్తే అది ఆ మనిషి రికార్డులో నిలిచిపోతుంది. పాదంలోని 26 ఎముకలూ ముందు నేర్చుకోమని కొత్తవాళ్లకి నేను పదేపదే చెప్పేది ఇందుకే. ఎముక తెలియకపోతే డాక్టరు నోట్‌లో తేడా ఉన్నా కంటికి ఆనదు.

నన్ను బాగా కదిలించేది చార్కో పాదం. షుగర్ వల్ల నరాలు దెబ్బతిని స్పర్శ పోతుంది. పాదం వాచి, ఎర్రబడి, వేడిగా ఉంటుంది, నొప్పి మాత్రం పెద్దగా ఉండదు. అందుకే మనిషి నడుస్తూనే ఉంటాడు, లోపల ఎముకలు విరిగి కీళ్లు కూలిపోతుంటాయి. 1868లో ఫ్రెంచి వైద్యుడు చార్కో ఇలా కీళ్లు పాడవడాన్ని వర్ణించాడు, షుగర్‌లో కాదు, వెన్నుపాముకి సోకిన సిఫిలిస్‌లో. టైప్ 2 షుగర్‌తో వస్తే దానికి ఈ11.610 ఒక్కటే వేయాలి, ఎం14.67 వరసలోవి పక్కన చేర్చకూడదు. ఇంత తీవ్రమైన జబ్బుకి పెట్టిన ఈ కోడ్‌లో ఏ కాలో చెప్పే అంకె లేకపోవడం నాకు ఇప్పటికీ వెలితిగానే అనిపిస్తుంది.

మా ఫ్లోర్‌లోకి ఫోన్లు రానివ్వరు, లాకర్లో పెట్టి వెళ్లాలి. ఒకరోజు భోజనానికి బయటికొచ్చి చూస్తే పిన్ని మిస్డ్ కాల్స్. బాబాయికి షుగర్ ఉంది, పాదం వాచింది. ఫోన్ తీసుకుని ఆయనే, "నొప్పేం లేదులేమ్మా, తగ్గిపోద్ది" అన్నాడు. ఆ నొప్పి లేదన్న మాటకే నాకు భయమేసింది. "వేడిగా ఉందా బాబాయ్? రెండో కాలితో పోల్చి చూడు" అన్నాను. ఉందన్నాడు. ఆ సాయంత్రమే నెల్లూరులో ఎముకల డాక్టరుకి చూపించమని పట్టుబట్టాను. అదే అని తేలింది. ఎముకలు ఇంకా పెద్దగా కదల్లేదట. కట్టు వేసి, ఆ కాలు కింద మోపొద్దన్నారు. ఇప్పుడు పిన్నికి రోజూ ఫోన్ చేస్తున్నాను, ఆయన్ని పొలానికి పోనివ్వొద్దని.