బాండ్ డబ్బులు వసూలు చేయడం: నా అనుభవం

నేను చీమకుర్తి దగ్గర ఒక గ్రానైట్ ఫ్యాక్టరీలో అకౌంట్స్ చూస్తాను. గ్రానైట్ రాళ్లని పలకలుగా కోసే మల్టీవైర్ మిషన్ కొన్నప్పుడు టంగుటూరు వైపు కుర్రాణ్ని ఒకణ్ని బెంగళూరుకి ట్రైనింగ్‌కి పంపాం. మూడేళ్లు పనిచేయాలి, మధ్యలో మానేస్తే 3 లక్షలు కట్టాలి అని స్టాంపు పేపరు మీద అగ్రిమెంట్. దీన్నే బాండ్ అంటాం. ఏడాదిన్నర తిరిగేసరికి ఎక్కువ జీతమిస్తామంటే హోసూరు వెళ్లిపోయాడు. రాజీనామా అంటారా, వాట్సాప్‌లో రెండు లైన్లు.

"సంతకం పెట్టాడుగా, మూడు లక్షలూ కక్కాల్సిందే" అని మా ఓనర్ గారి ధీమా. దానికి తోడు 2025 మేలో సుప్రీంకోర్టు విజయా బ్యాంకు కేసులో ఇచ్చిన తీర్పు ఆయన పేపర్లో చదివారు. మూడేళ్లు నిండకుండా వెళ్లిపోయిన ఉద్యోగి 2 లక్షలు కట్టాలన్న షరతు చెల్లుతుందని అందులో తేల్చారు. ఆ కటింగ్ జేబులో పెట్టుకుని ఒంగోలు లాయర్ గారి దగ్గరికి వచ్చారు.

లాయర్ గారు చదివి పక్కన పెట్టారు. "అది ప్రభుత్వరంగ బ్యాంకు. ఒకరు వెళ్లిపోతే ఆ పోస్టుకి మళ్లీ నోటిఫికేషన్, మళ్లీ పోటీ, బోలెడు ఖర్చు. మీరు ఈ అబ్బాయిని ఎలా తీసుకున్నారు?" అని అడిగారు. మా కాటా దగ్గర పనిచేసే అతను చెబితే తీసుకున్నాం. ఓనర్ గారు నా వైపు చూశారు, నేను ఫైలు వైపు చూశాను.

కాంట్రాక్ట్ చట్టం 1872లో సెక్షన్ 74 ఉంది. అగ్రిమెంట్‌లో రాసుకున్న మొత్తం గరిష్ఠ పరిమితి మాత్రమే. దానికి లోబడి కోర్టు సబబైన పరిహారం ఇప్పిస్తుంది. నష్టం లెక్కగట్టగలిగేదైతే లెక్క చూపించాలని 2015లో కైలాష్‌నాథ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. నాకు బాగా నచ్చింది మాత్రం 2011 నాటి ఢిల్లీ హైకోర్టు కేసు. బాండ్ 2 లక్షలకి, కంపెనీ చూపించిన ఖర్చు 67,595. మూడేళ్లలో రెండేళ్లు పనిచేశాడు కాబట్టి మిగిలిన మూడో వంతు, 22,532 రూపాయలే ఇప్పించారు. లెక్కలవాడికి ఇంతకంటే ఏం కావాలి.

అదే పద్ధతిలో మా లెక్క తీశాను. ట్రైనింగ్ ఫీజు 60,000, హాస్టలు, రానుపోను ఖర్చులు 22,000, ట్రైనింగ్‌లో ఉండగా ఇచ్చిన జీతం 44,000. మొత్తం 1,26,000, అందులో సగం 63,000. మా ఓనర్ గారి ముఖం చూడాలి అప్పుడు!

అబ్బాయి డిప్లొమా ఒరిజినల్స్ మా బీరువాలోనే ఉన్నాయి. "ముందు అవి ఇచ్చేయండి, ఆపే హక్కు మీకు లేదు. లేకపోతే ఆ సాకు మీదే కేసు మీ మీదికి తిరుగుతుంది" అన్నారు లాయర్ గారు. రిజిస్టర్డ్ పోస్టులో సర్టిఫికెట్లు పంపి, ఆ తర్వాతే లీగల్ నోటీసు ఇచ్చాం. అసలు ట్రైనింగే ఇవ్వలేదు, ఖాళీ పేపరు మీద సంతకం పెట్టించుకున్నారు అని జవాబు వచ్చింది. ఇలాంటి జవాబు వస్తుందని మా లాయర్ గారు ముందే చెప్పారు. మిషన్ కంపెనీ ఇన్‌వాయిస్ మీద ఈ అబ్బాయి పేరుంది. ట్రైనింగ్ హాజరు షీటులో రోజూ అతని సంతకం ఉంది. ఆ రెండింటి జిరాక్సులు పంపాక అవతలి లాయర్ ఫోన్ చేసి రాజీ మాటెత్తారు.

దావా వేయడానికి మూడేళ్ల గడువుంది. కానీ ఈపాటి డబ్బుకి కోర్టు చుట్టూ ఎవరు తిరుగుతారు? రాజీ కుదిర్చే లోక్ అదాలత్ కోసం ఒంగోలులో జిల్లా న్యాయసేవాధికార సంస్థకి కేసు వేయకముందు దశలోనే అర్జీ పెట్టాం. కోర్టు ఫీజు లేదు. అయితే ఇద్దరూ ఒప్పుకుంటేనే అక్కడ అవార్డు, అంటే తీర్పు, ఇస్తారు.

అబ్బాయి వాళ్ల నాన్నని వెంటబెట్టుకుని వచ్చాడు. పొగాకు రైతు. "మావాడు పండగ పూట కూడా మిషన్ మీదే ఉన్నాడు సార్. అదేమీ లెక్కలోకి రాదా?" అని నన్నే అడిగాడు పెద్దాయన. వస్తుందండీ, అందుకే సగం తీసేశాం అని కాగితం చూపించాను. కాసేపు దాన్నే చూసి, కొడుకుని పక్కకి తీసుకెళ్లి మాట్లాడాడు.

55,000కి కుదిరింది. మేం అతనికి ఇవ్వాల్సిన పాత జీతం 9,000 అందులో మినహాయించి, మిగతా 46,000 రెండు వాయిదాల్లో కట్టేలా రాసుకున్నాం. లోక్ అదాలత్ అవార్డు సివిల్ కోర్టు డిక్రీతో సమానం, అప్పీలు ఉండదు. రెండు వాయిదాలూ టైముకే పడ్డాయి.

నాలాంటి అకౌంట్స్ వాళ్లకి ఒక మాట. ఈ డబ్బు మీద జీఎస్టీ లేదు. 2022 ఆగస్టు 3 నాటి 178వ నంబరు జీఎస్టీ సర్క్యులర్‌లో ఉద్యోగి బాండ్ డబ్బుల గురించి విడిగానే రాశారు. మా ఆడిటర్ గారు అడిగితే అదే ప్రింటు తీసి ఇచ్చాను.

ఇప్పుడు కొత్త అగ్రిమెంట్ రాయించాం. ట్రైనింగ్ ఖర్చు ఎంతో అందులోనే ఉంటుంది, పనిచేసిన ప్రతి నెలకీ కట్టాల్సింది తగ్గుతూ వస్తుంది. మానేశాక రెండేళ్లు ఇంకే గ్రానైట్ ఫ్యాక్టరీలోనూ చేరకూడదని ఓనర్ గారు పట్టుబట్టి ఒక లైను చేర్పించారు. కాంట్రాక్ట్ చట్టం సెక్షన్ 27 కింద అది చెల్లదని లాయర్ గారు కొట్టేశారు. ఓనర్ గారు ఇంకా ఆ లైను కోసం నన్ను అడుగుతూనే ఉన్నారు.