మధ్యాహ్నం మాత్రమే లీకయ్యే సీఓ2 సిలిండర్: ఎట్టకేలకు దొరికింది

దొరికేసిందండీ, చేపల ట్యాంక్‌లో మొక్కలకి సీఓ2 (కార్బన్ డయాక్సైడ్) ఇచ్చే మా సిలిండర్‌లో లీకు! సిలిండర్ వాల్వ్ పక్కన సేఫ్టీ నట్ ఉంటుంది చూడండి, లోపల పల్చటి రేకు డిస్క్ ఉండేది, గ్యాస్ పోయేది అక్కడ్నుంచే. అదీ ఎండ ముదిరాకే. పొద్దున్న ఎంత సబ్బు పూసినా ఒక్క బుడగ రాదు, మధ్యాహ్నం రెండింటికి అదే నట్ కన్నం దగ్గర తెల్లగా నురగ కట్టేస్తోంది. ఇన్నాళ్లూ రెగ్యులేటర్‌నీ, నైలాన్ వాషర్‌నీ, సోలెనాయిడ్‌నీ (కరెంటుతో గ్యాస్‌ని తెరిచి మూసే వాల్వ్) అనుమానించి అవన్నీ మార్చుకుంటూ వచ్చా, వాటి తప్పేం లేదు.

ట్యాంక్ సంగతి ఒక్క ముక్కలో చెప్పేస్తా: నేల మీద పరుచుకునే మాంటె కార్లో మొక్క ముందు గ్లాస్ దాకా పాకేసింది, రొటాలా మొక్క ఎర్రబడింది, లైట్లు వెలిగే టైంకి డ్రాప్ చెకర్ (నీళ్లలో సీఓ2 ఎంతుందో రంగుతో చూపేది) పచ్చగా, అంటే సరిగ్గా ఉంటోంది. చేపలు హాయిగా ఉన్నాయి.

ఇక లీకు. మాది విజయవాడ, మూడడుగుల ట్యాంక్, స్టాండ్ పక్కనే 2 కేజీల స్టీల్ సిలిండర్. సిలిండర్ భుజం మీద కొట్టిన అంకెలు: నీళ్లైతే 3 లీటర్లు పడుతుంది, టేర్ (ఖాళీ సిలిండర్) బరువు 5.6 కేజీలు. ట్యాంక్‌లోకి వదిలేది సెకనుకి మూడు బుడగలు, రోజుకి ఎనిమిది గంటలు, అంటే ఎంత ధారాళంగా లెక్కేసినా రోజుకి 7 గ్రాములకి మించి ఖర్చవ్వకూడదు. కాటా మీద పెట్టి చూస్తే 40 గ్రాములు దాటి పోతోంది. ప్రెజర్ చూపే గేజ్ ముల్లు చూస్తే మాత్రం ఎండకి వచ్చే మార్పేదో లీకేదో తేడా తెలీదు, అందుకే చాలామంది ఇలాంటి లీకు ఉన్నట్టే కనిపెట్టలేరు, గ్యాస్ తొందరగా అయిపోతోంది, షాపువాడు తక్కువ నింపాడు అనుకుంటారు. నా కేసులో జరిగింది సరిగ్గా దానికి ఉల్టా.

ముందు కాటా మీదే డౌటొచ్చింది. 10 కేజీల ఎలక్ట్రానిక్ కాటా, ఎండకి రీడింగ్ జరుగుతోందేమో అని పక్కనే డంబెల్ పెట్టుకుని పొద్దున్న, మధ్యాహ్నం, రాత్రి రెండూ తూచా. డంబెల్ గ్రాము కూడా కదల్లేదు. సో కాటా కరెక్టే. తర్వాత మెయిన్ వాల్వ్ కట్టేసి రెగ్యులేటర్‌లో ఇరుక్కున్న గ్యాస్ ప్రెజర్ చూస్తూ కూర్చున్నా, ముల్లు తెల్లారేదాకా నిలబడింది, అంటే రెగ్యులేటర్ వైపు లీకు లేదు. అప్పుడు రెగ్యులేటర్ పీకేసి ఒట్టి సిలిండర్ మాత్రమే కాటా మీద వదిలేశా. ఇక్కడే అసలు విషయం బయటపడింది: రాత్రి పది నుంచి పొద్దున్న ఆరు దాకా తగ్గింది 1 గ్రాము, అది కాటా తేడా కూడా అయ్యుండొచ్చు. పొద్దున్న పది నుంచి సాయంత్రం ఆరు దాకా తగ్గింది 36 గ్రాములు. వాల్వ్ మూసుంది, అవుట్‌లెట్‌కి బెలూన్ తొడిగితే అది ఉబ్బలేదు, మెడ థ్రెడ్ దగ్గర సబ్బు పూస్తే ఏం లేదు. మిగిలింది సేఫ్టీ నట్ ఒక్కటే. దాని కన్నాలు గుంటలో ఉంటాయి, మామూలు సబ్బునీళ్లు నిలవకుండా జారిపోతున్నాయి, షాంపూ చిక్కగా కలిపి పెయింట్ బ్రష్‌తో గుంట నిండా పెడితే అప్పుడు నురగ మెల్లగా పొంగింది. ఒక బుడగ బఠాణీ గింజంత అయ్యి పగిలేలోపు వెనకాల ఇంకోటి రెడీ.

మరి మధ్యాహ్నమే ఎందుకు? ఇది నిజంగా ఇంటరెస్టింగ్. గేజ్ రీడింగులు రాసిపెట్టుకున్నా కాబట్టి వెనక్కెళ్లి చూశా. కొత్తగా నింపించిన వారంలో పొద్దున్న గదిలో 28 డిగ్రీలున్నప్పుడు ముల్లు 90 బార్ (బార్ అంటే ప్రెజర్ కొలత) దగ్గరుంది, మధ్యాహ్నం 35 డిగ్రీలకి 120 చూపించింది. అసలు సిలిండర్‌లో లిక్విడ్, దాని పైన గ్యాస్ రెండూ ఉన్నప్పుడు ప్రెజర్‌ని తేల్చేది టెంపరేచర్ ఒక్కటే, 20 డిగ్రీలకి 57 బార్, 25కి 64, 28కి 69 ఉండాలి. 28 డిగ్రీల దగ్గర 90 వచ్చిందంటే లోపల గ్యాస్‌కి ఖాళీయే లేదు, సిలిండర్ అంచుదాకా లిక్విడ్‌తో నిండిపోయిందని అర్థం. బరువు చూస్తే ఇంటికి తెచ్చినరోజు 7.91 కేజీలు, టేర్ తీసేస్తే 2.31 కేజీల గ్యాస్. మూడు లీటర్ల సిలిండర్‌కి లీటరుకి 0.667 కేజీ చొప్పున 2 కేజీలే నింపాలి, అందుకే దాన్ని 2 కేజీల సిలిండర్ అంటారు. వీళ్లు 300 గ్రాములు ఎక్కువ కొట్టారు.

ఆ 300 గ్రాములు ఎంత పని చేస్తాయో చూడండి. 31 డిగ్రీలు దాటితే సీఓ2కి లిక్విడ్, గ్యాస్ అనే తేడానే ఉండదు, 73.8 బార్ దగ్గర రెండూ కలిసిపోతాయి, ఆ పైన ప్రెజర్ ఎంతొస్తుందనేది లీటరుకి ఎంత కుక్కామన్న దాని మీదే ఉంటుంది. సీఓ2 డెన్సిటీ టేబుల్స్ తీసి లెక్కేసుకున్నా: 2 కేజీలు ఉంటే 40 డిగ్రీలకి సుమారు 107 బార్, 2.31 కేజీలు ఉంటే అదే 40కి 145 దాకా పోతుంది. మే నెల్లో ఎండలో నిలబెట్టిన కార్ డిక్కీ 55 డిగ్రీలు ఈజీగా వస్తుంది, అక్కడ కరెక్టుగా నింపిన సిలిండర్ 155 బార్ దగ్గర ఆగితే ఇది 200 దాటుతుంది. ఆ డిస్క్ ఉన్నదే అలాంటప్పుడు చిరిగి గ్యాస్ వదిలేయడానికి, సిలిండర్ పేలకుండా. మంచిదే, కానీ అది డిక్కీలోనో పడగ్గదిలోనో చిరిగితే పరిస్థితేంటి?

నా గెస్ ఏంటంటే డిస్క్ కింద వాషర్ పాతబడి అలిసిపోయింది, 90 బార్ దాకా పట్టుకుంటోంది, 100 దాటాక వదిలేస్తోంది. దీనికి సపోర్ట్‌గా ఇంకో పాయింట్ ఉంది: బరువు తగ్గేకొద్దీ లీకు కూడా తగ్గింది. 2.15 కేజీల దగ్గర మధ్యాహ్నం 20 గ్రాములు, 2 కేజీలకి దిగాక (అప్పుడు 35 డిగ్రీలకి ముల్లు 90 దగ్గరే ఆగింది) 6-7 గ్రాములు, ఆ తర్వాత దాదాపు సున్నా. అంటే ఎక్కువ కొట్టిన గ్యాస్ అంతా గదిలోకి పోయాక లీకు దానంతటదే ఆగిపోయింది! కిందటి రీఫిల్‌కి కూడా మొదట్లో గబగబా తగ్గి తర్వాత నిలకడగా నడిచింది, అప్పుడు అర్థం కాలేదు, ఇప్పుడు అర్థమవుతోంది.

షాపుకి తీసుకెళ్లి చెప్తే ఆయన నవ్వుతూ "తెలిసినోళ్లు కదా సార్, కొంచెం ఎక్కువే కొట్టించా" అన్నాడు. మంచి మనసుతోనే చేశాడు, కాదనను, కానీ ఇది కూరగాయల కొసరు లాంటిది కాదు. టేర్ చూపించి, సరిగ్గా 7.6 దగ్గర ఆపమని, కాటా ముందు నిలబడి నింపించుకున్నా. దానికి ముందు సిలిండర్ పూర్తిగా ఖాళీ చేయించి డిస్కు, వాషరు రెండూ కొత్తవి వేయించా. దయచేసి ఆ నట్‌ని ఇంట్లో స్పానర్ పెట్టి బిగించే పని చేయకండి. అది లీకవుతుంటే "ఒక్క పట్టు పడదాం" అనే అనిపిస్తుంది, నాకూ చెయ్యి దురద పెట్టింది, కానీ 100 బార్ వెనకాల ఉన్న నట్ ఊడితే బుల్లెట్టే. అలాగే హైడ్రో టెస్ట్ (నీటి ప్రెజర్‌తో సిలిండర్ బలం చూసే పరీక్ష) డేట్ చూసుకోండి, ఐదేళ్లు దాటి ఉంటే టెస్ట్ చేయించకుండా నింపించొద్దు. తెచ్చేటప్పుడు పొద్దున్నే, అద్దాలు దించి, సిలిండర్ దొర్లకుండా కట్టి తెచ్చుకుంటా.

కొత్త ఫిల్లింగ్ ఇప్పటిదాకా ఓకే, ఖర్చు రోజుకి 6-7 గ్రాములే.

ఇంకో ముక్క, గేజ్ గురించి. విదేశీ వీడియోల్లో ముల్లు చివరిదాకా కదలదు, పడిపోతే సిలిండర్ అయిపోయినట్టే అని చెప్తారు. వాళ్ల గదులు 20 డిగ్రీలుంటాయి కాబట్టి అక్కడ నిజమే. మన దగ్గర 28 డిగ్రీల్లో నా మూడు లీటర్ల సిలిండర్‌లో లిక్విడ్ అయిపోయేది దాదాపు 850 గ్రాములు మిగిలి ఉండగానే, 31 దాటితే అసలు లిక్విడ్డే లేదు కాబట్టి ముల్లు మొదట్నుంచీ కొంచెం కొంచెం దిగుతూనే ఉంటుంది. అది చూసి అయిపోయిందనుకుని సగం గ్యాస్‌తో రీఫిల్‌కి ఇచ్చేసేవాళ్లు ఎంతమందో. కాటా కొనండి, అంతే. రెగ్యులేటర్ మీద వేలు పోసేవాళ్లు కూడా కాటా మీద ఐదొందలు పెట్టడానికి ఆలోచిస్తారు, నాకు అది అస్సలు అర్థం కాదు.

ముల్లు దిగేటప్పుడు సింగిల్ స్టేజ్ (ప్రెజర్‌ని ఒకే దశలో తగ్గించే) రెగ్యులేటర్లతో ఇంకో ప్రమాదం ఉంది, లోపల ప్రెజర్ పడేకొద్దీ అవుట్‌పుట్ పెరుగుతుంది, బుడగలు మూడు కాస్తా ఐదారు అవుతాయి, పొద్దున్న లేచేసరికి చేపలు పైకొచ్చి నోళ్లు తెరుచుకుని ఉంటాయి. నాకు రెండు దశల్లో తగ్గించే డ్యూయల్ స్టేజే ఇష్టం, రేటు ఎక్కువైనా. సీఓ2ఆర్ట్ కంపెనీ వాళ్ల నీడిల్ వాల్వ్ (బుడగల వేగం సెట్ చేసేది) నాకు బాగా నచ్చింది, ఒకసారి సెట్ చేస్తే జరగదు. వెల్డింగ్ రెగ్యులేటర్‌కి నీడిల్ వాల్వ్ తగిలించి నడిపేవాళ్లున్నారు, అది నిమిషానికి లీటర్లలో గ్యాస్ ఇచ్చే సరుకు, మనకి కావాల్సింది బుడగలు, నేనైతే వద్దంటా. ఏడీఏ కంపెనీ 74 గ్రాముల చిన్న సీఓ2 క్యాట్రిడ్జులు చూడ్డానికి ముద్దుగా ఉంటాయి గానీ మూడడుగుల ట్యాంక్‌కి పదకొండు రోజులు కూడా రావు. సిట్రిక్ యాసిడ్, వంటసోడా కలిపి సీఓ2 తయారుచేసే సీసాల సెట్లకి సేఫ్టీ వాల్వ్ లేకపోతే ఇంట్లో పెట్టుకోకండి.

గది గురించి కూడా లెక్కేశా, అది చూశాక సీరియస్‌గా తీసుకున్నా. పదడుగుల పొడవు, వెడల్పు, ఎత్తున్న గది అంటే సుమారు 28 వేల లీటర్ల గాలి. 2.31 కేజీల సీఓ2 ఒక్కసారిగా బయటికొస్తే దాదాపు 1300 లీటర్లు, అంటే గదిలో నాలుగున్నర శాతం పైనే. పనిచేసే చోట ఎనిమిది గంటలకి సగటున అర శాతం దాటకూడదంటారు, 4 శాతం అంటే ప్రాణానికే ప్రమాదమని లెక్క. పైగా అది గాలికంటే ఒకటిన్నర రెట్లు బరువు, నేల మీద పరుచుకుంటుంది, మా ఇంట్లో ఎండాకాలం పిల్లలు పడుకునేది కింద పరుపు మీదే. అందుకని సిలిండర్‌ని పడగ్గది గోడ పక్కనుంచి హాల్లోకి మార్చేశా, గోడకి గొలుసేసి కట్టా, కిటికీ కింద భాగం కొంచెం తెరిచే ఉంచుతున్నాం.

తర్వాతి పని సిలిండర్ కింద శాశ్వతంగా లోడ్ సెల్ (బరువు కొలిచే సెన్సర్) పెట్టడం. 20 కేజీల లోడ్ సెల్, దాని రీడింగ్ చదివే హెచ్‌ఎక్స్711 బోర్డు, ఈఎస్‌పీ32 అనే చిన్న కంట్రోలర్ బోర్డు, పార్ట్స్ వచ్చేశాయి. లోడ్ సెల్ మీద రోజుల తరబడి బరువుంటే రీడింగ్ జరుగుతుంది కదా, దాన్ని టెంపరేచర్ సెన్సర్‌తో కలిపి ఎలా సరిచేయాలో చూస్తున్నా, ఎవరైనా చేసుంటే చెప్పండి. నేల నుంచి జానెడు ఎత్తులో సీఓ2ని కొలిచే ఎంహెచ్-జెడ్19 సెన్సర్, 2000 పీపీఎం (పది లక్షల భాగాల్లో 2000, అంటే 0.2 శాతం) దాటితే బజర్. చవగ్గా దొరికే ఈసీఓ2 సెన్సర్లు కొనకండి, అవి సీఓ2ని కొలవవు, గాలిలో వేరే ఆవిర్లు చూసి అంచనా వేస్తాయి, సిలిండర్ లీకుకి పనికిరావు. వచ్చే వారం రోహిణి కార్తె మొదలవుతుంది, హాల్లో మధ్యాహ్నం 37-38 ఖాయం, కొత్త డిస్క్ ఎలా తట్టుకుంటుందో అప్పటి గ్రాముల లెక్కతో మళ్లీ రాస్తా.