ఏఎఫ్‌క్యాట్ ఫ్లయింగ్ బ్రాంచి: విమానాల జాబితాలు పక్కన పెట్టి ఒక పాత పైలట్ మాన్యువల్ చదివిన అనుభవం

వైమానిక దళంలో పైలట్లు పనిచేసే ఫ్లయింగ్ బ్రాంచికి సిద్ధమవుతున్న తోటి అభ్యర్థులకు నమస్కారం. మాది అమలాపురానికి దగ్గరలో కాలవ గట్టు మీది చిన్న ఊరు. రెండో ప్రయత్నంలో నాకు సెలక్షన్ బోర్డు సిఫారసు వచ్చింది, వైద్య పరీక్షలు కూడా పూర్తయ్యాయి. మొదటిసారి ఎందుకు తిరిగి వచ్చానో, ఆ తరువాత చదివే పద్ధతిని ఎలా మార్చుకున్నానో ఇక్కడ రాస్తున్నాను. అప్పుడు నేను చేసిన పొరపాటే మనలో చాలామంది ఇప్పటికీ చేస్తున్నారు.

ఏఎఫ్‌క్యాట్, అంటే వైమానిక దళ ప్రవేశానికి రాసే రాత పరీక్ష, గురించి ఎక్కువ చెప్పను. నేను రాసినప్పుడు 2 గంటల్లో 100 ప్రశ్నలు, 300 మార్కులు. సరైన జవాబుకు 3 మార్కులు, తప్పుకు 1 మార్కు కోత. పాత ప్రశ్నపత్రాలను గడియారం ముందు పెట్టుకుని చేసినవారికి అది దాటలేని గట్టు కాదు.

నేను తడబడింది సెలక్షన్ బోర్డు ఇంటర్వ్యూలో. రఫేల్ విమానాలు మొత్తం 36 అనీ, వాటిలో మొదటి ఐదు 2020 జూలై 29న అంబాలాలో దిగాయనీ, మిగ్-21 తొలిసారి 1963లో మన దళంలో చేరిందనీ తేదీలతో సహా అప్పజెప్పగలిగిన నన్ను, హాక్ శిక్షణ విమానంలో వెనక సీటు ముందు సీటు కంటే ఎత్తుగా ఎందుకు ఉంటుందని అడిగారు. నా దగ్గర జవాబు లేదు. ముందు శిక్షణార్థి, వెనక శిక్షకుడు కూర్చుంటారు. ముందున్నవాడి తల మీదుగా శిక్షకుడికి రన్‌వే కనిపించాలి కాబట్టే ఆ ఎత్తు. ఆ విమానం ఫోటోను నేను వందసార్లు చూసి ఉంటాను, కానీ ఒక్కసారి కూడా అందులో కూర్చోబోయేవాడి కళ్లతో చూడలేదు.

మా ఊళ్లో వైమానిక దళంలో ఎయిర్‌మన్‌గా పనిచేసి పదవీ విరమణ చేసిన ఒక పెద్దాయన ఉన్నారు, నాకు మావయ్య వరస అవుతారు. జరిగింది చెబితే ఆయన, "ఒరేయ్, వంద విమానాల పేర్లు నీకెందుకురా? ఒక్క విమానం పుస్తకం పట్టుకుని అట్ట నుంచి అట్ట దాకా చదువు" అన్నారు. ఏది చదవమంటారు మావయ్యా అని అడిగితే హార్వర్డ్ పేరు చెప్పారు. తొమ్మిది సిలిండర్ల 600 హార్స్‌పవర్ ఇంజిన్ ఉన్న ఈ రెండు సీట్ల విమానం మీద రెండో ప్రపంచ యుద్ధ కాలం నుంచి ఎన్నో దేశాల పైలట్లు, మన పైలట్లు కూడా, శిక్షణ పొందారు. దాని అమెరికన్ మాన్యువళ్లు ఇప్పుడు ఎవరైనా చదువుకోవచ్చు.

మాన్యువల్ చేతికి రాగానే నాకు మొదట అర్థమైనది దాని భాష. అందులో హెచ్చరికలకు అంతస్తులు ఉంటాయి: వార్నింగ్ అని ఉంటే ప్రాణానికి ముప్పు, కాషన్ అని ఉంటే యంత్రానికి నష్టం, నోట్ అని ఉంటే తప్పక గుర్తుంచుకోవలసిన వివరం. ఇక చెక్‌లిస్టు ఎక్కడి నుంచి వచ్చిందో తెలుసుకుంటే దాని మీద గౌరవం పెరుగుతుంది. 1935 అక్టోబరు 30న అమెరికాలోని రైట్ ఫీల్డ్‌లో బోయింగ్ 299 అనే నాలుగు ఇంజిన్ల బాంబర్ లేచీ లేవగానే కూలిపోయింది. నేల మీద ఉన్నప్పుడు గాలికి తోక రెక్కలు కదలకుండా వేసే తాళాన్ని తీయడం మరిచిపోవడమే కారణం. నడిపినవారు అనుభవంలో ఎవరికీ తీసిపోరు. జ్ఞాపకాన్నే నమ్ముకోకూడదని ఆ తరువాతే చెక్‌లిస్టులు తయారుచేశారు. అదే విమానం తరువాత బి-17గా పేరు తెచ్చుకుంది.

ఆ రోజుల్లో శిక్షణార్థి కళ్లకు గుడ్డ కట్టుకుని, కాక్‌పిట్‌లో ఏ మీట పేరు చెప్పినా తడుముకోకుండా చెయ్యి వేయగలగాలి. నేనూ అదే చేయదలచి, అమలాపురంలో జిరాక్స్ షాపులో కాక్‌పిట్ బొమ్మను నాలుగు ఏ3 కాగితాలంత పెద్దది చేయించి, సావిట్లో గోడకు అంటించాను. పెయింటు డబ్బాలో ఇసుక పోసి కర్ర నిలబెడితే అది కంట్రోల్ స్టిక్ అయింది. ఎడమ పక్క థ్రాటిల్ (ఇంజిన్ శక్తిని పెంచేది, తగ్గించేది), మిక్స్చర్ (గాలిలో పెట్రోలు పాలు మార్చేది), ప్రొపెల్లర్ మీటలకు మూడు చెక్క ముక్కలు. చెల్లి పేర్లు చదివేది, నేను కళ్లకు తువ్వాలు కట్టుకుని చెయ్యి చాపేవాణ్ణి. "అన్నయ్యా, అది ప్రొపెల్లర్, నేను చెప్పింది మిక్స్చర్" అని మొదటి వారంలో తను ఎన్నిసార్లు అందో లెక్క లేదు. మిక్స్చర్ మీటతో పెట్రోలును పూర్తిగా ఆపేస్తే ఇంజిన్ ఆగిపోతుందని చదివిన తరువాత ఆ పొరపాటు నన్ను నిజంగా భయపెట్టింది. మూడో వారానికి చేయి తప్పలేదు.

నాకు అన్నిటికంటే నచ్చిన విషయం కార్బ్యురేటర్‌లో, అంటే ఇంజిన్‌లోకి వెళ్లే గాలిలో పెట్రోలు కలిపే భాగంలో, మంచు పట్టడం. మంచు అనగానే హిమాలయాలు గుర్తొస్తాయి కానీ, దీనికి చలికంటే గాలిలో తేమ ముఖ్యం. పెట్రోలు ఆవిరవుతూ చుట్టూ ఉన్న వేడిని లాగేసుకుంటుంది, ఇరుకు దారిలో గాలి పీడనం పడిపోవడం వల్ల అది ఇంకా చల్లబడుతుంది, దాంతో గాలిలోని తేమ లోపలే గడ్డకట్టి ఇంజిన్‌కు ఊపిరి ఆడనివ్వదు. ఉష్ణోగ్రత 21 డిగ్రీల లోపు, తేమ 80 శాతం పైన ఉన్నప్పుడు ఈ ప్రమాదం ఎక్కువ. 38 డిగ్రీల ఎండలో కూడా ఇది జరగవచ్చు. రెండో ఇంటర్వ్యూలో దీన్ని మా ఇంటి మట్టి కూజాతో పోల్చి చెప్పాను: చెమర్చిన నీరు ఆవిరవుతూ లోపలి నీటిని చల్లబరిచే పనే ఇక్కడా జరుగుతోంది. కోనసీమలో పుట్టినవాడికి తేమ గురించి ఎవరూ నేర్పనక్కరలేదు.

ఇలాగే, నేల మీద ముక్కు పైకెత్తి నిలబడే హార్వర్డ్‌ను పాము నడకలో ఎందుకు నడిపించాలో (ఎదుట ఏముందో పైలట్‌కు కనబడదు), 60 డిగ్రీల వాలుతో మలుపు తిరిగితే రెక్కల మీద భారం రెట్టింపై స్టాల్ వేగం (అంతకంటే తగ్గితే రెక్కలు విమానాన్ని మోయలేని వేగం) 41 శాతం ఎందుకు పెరుగుతుందో ఒకసారి కారణంతో తెలిస్తే మరిచిపోలేరు. స్టాల్ వేగం భారం వర్గమూలాన్ని బట్టి పెరుగుతుంది, రెండు వర్గమూలం 1.41 అని మనకు తెలిసిందే.

ఒక విషయం గట్టిగా చెప్పాలి. ప్రస్తుతం సేవలో ఉన్న యుద్ధవిమానాల మాన్యువళ్ల కోసం వెతకవద్దు. ఎవరైనా టెలిగ్రామ్‌లో పంపితే తెరవకుండా తొలగించండి. 1923 నాటి అధికార రహస్యాల చట్టం ఇప్పటికీ అమలులో ఉంది, అధికారి కాదలచుకున్నవారు ఆ గీత దాటకూడదు.

కంప్యూటరైజ్డ్ పైలట్ సెలక్షన్ పరీక్షను ఈ చదువు గట్టెక్కిస్తుందని మాత్రం అనుకోకండి. అది చేతికీ కాలికీ కంటికీ ఉన్న పొందికను చూసేది. పరికరాల ముఖాలు అంతకుముందే పరిచయమై ఉండటం వల్ల నాకు కంగారు తగ్గింది, అంతవరకే.

రాత పరీక్ష నెల రోజుల్లో ఉన్నవారు మాన్యువల్ జోలికి వెళ్లవద్దు. రాత పరీక్షకూ బోర్డు పిలుపుకూ మధ్య దొరికే వ్యవధి దీనికి సరిపోతుంది. వర్ణనల అధ్యాయంతో కాకుండా, విమానాన్ని మామూలుగా నడిపే పద్ధతుల అధ్యాయంతో మొదలుపెట్టి, తెలియని మాట వచ్చినప్పుడల్లా వెనక్కి వెళ్లి చూసుకోండి. ఇంధన వ్యవస్థ బొమ్మను చూస్తూ గీయకండి. పుస్తకం మూసి తెల్లకాగితం మీద గీసి, ఆ తరువాతే తెరిచి పోల్చుకోండి. నాకు అది తప్పు లేకుండా రావడానికి పదకొండు కాగితాలు పట్టింది.