సారాయెవో మూల, 1/35: మిల్యాట్స్కా నీళ్లు నాలుగోసారీ కుదరలేదు

1914లో ఆస్ట్రియా యువరాజు ఫెర్డినాండ్‌ను ప్రిన్సిప్ కాల్చి చంపిన సారాయెవో వీధి మూలని అసలులో 35వ వంతు సైజులో బొమ్మలతో బల్ల మీద కడుతున్నాను. పక్కనున్న మిల్యాట్స్కా నదికి నీళ్లుగా పోసే రెజిన్ (హార్డెనర్ కలిపితే గట్టిపడే పారదర్శక ద్రవం) నాలుగో పోత కూడా పోయింది. నిన్న రాత్రి తొమ్మిదింటికి థర్మోకోల్ పెట్టె మూత తీసి టార్చి వేసి చూస్తే నది నడుమంతా అద్దంలా మెరుస్తోంది, ఇక అయిపోయినట్టే అనుకుని ఇంట్లో వాళ్లను కూడా పిలిచేశాను, తీరా చూస్తే గట్టు గోడ వారగా జానెడు పొడవున పాలచుక్క కలిసినట్టు తెల్లటి చార. ఆ చార మీద గోరు నొక్కితే గుర్తు పడుతోంది. 48 గంటలు ఆగాక కూడా గోరు గుర్తు పడిందంటే ఇక అది గట్టిపడదు. రాత్రి నిద్ర పట్టలేదు, నిజం.

నీళ్లు తప్ప మిగతావన్నీ బాగానే నడుస్తున్నాయి. యువరాజు ఎక్కిన గ్రాఫ్ ఉండ్ ష్టిఫ్ట్ కారు పూర్తయింది, మడిచిన టాపుతో సహా. లాటిన్ వంతెన వైపు రాళ్లు పరిచాను, షిల్లర్ కొట్టు ముందరి భాగం నిలబెట్టాను, డ్రైవరు లోయ్కా స్టీరింగు ముందు కూర్చున్నాడు. కారు యజమాని హారాఖ్ ఎడమ వైపు ఫుట్‌బోర్డు మీద, అంటే నది వైపు, నిలబడ్డాడు. యువరాజుకు అడ్డుగా ఉండాలని ఆయన అక్కడ నిలబడితే కాల్పులు కుడి వైపు నుంచి వచ్చాయి. బొమ్మను అక్కడ అతికిస్తుంటే చెయ్యి ఆగింది కాసేపు.

ప్రిన్సిప్‌కీ కారుకీ మధ్య దూరం మీటరున్నర అంటారు. 1/35లో అది 43 మిల్లీమీటర్లు, అంటే నిలబడ్డ మనిషి బొమ్మ ఎత్తు కంటే తక్కువ. పుస్తకంలో మీటరున్నర అని చదివితే ఏమీ అనిపించదు, స్కేలు పెట్టి కొలిచి ఆ రెండు బొమ్మలనూ ఎదురెదురుగా పెడితే గుండె జల్లుమంటుంది. చేతిలో ఎఫ్‌ఎన్ 1910 పిస్తోలు. అసలుది పదిహేను సెంటీమీటర్ల చిల్లర, నా దగ్గర 4.4 మిల్లీమీటర్లు. వేడి చేసి లాగిన స్ప్రూ (కిట్ భాగాలు అంటిపెట్టుకుని వచ్చే ప్లాస్టిక్ పుల్ల) ముక్కను అరగదీసి చేశాను, మూడు ఎగిరిపోయి ఎక్కడ పడ్డాయో దొరకలేదు, నాలుగోది నిలిచింది. చేతిలో శాండ్‌విచ్ పెట్టు అని ఒక మిత్రుడు అడిగాడు. పెట్టను. ప్రిన్సిప్ శాండ్‌విచ్ కొనుక్కుంటుంటే కారు ఎదురొచ్చిందనే ఆ కథ చాలా ఏళ్ల తర్వాత పుట్టుకొచ్చింది. కారు నంబరు ఏ, మూడు నిలువు గీతలు, 118 కదా, దాన్ని యుద్ధ విరమణ తేదీ 11-11-18గా చదివే ముచ్చట కూడా నాకు నచ్చదు. మొదటి ఏ అంటే ఆర్మిస్టిస్ (యుద్ధ విరమణ) అట, అది ఇంగ్లిష్ మాట, వియన్నా బండికి దానితో ఏం పని? పైగా ఆస్ట్రియా సంతకం పెట్టింది నవంబరు 3న. ఆ రోజు నిజంగా జరిగిందే చాలినంత ఉంది, పైన అతకడం అనవసరం.

సరే, నీళ్ల సంగతి.

జూన్‌లో మొదటిసారి పోసినప్పుడు నది లోతు 12 మిల్లీమీటర్లు పెట్టాను, ఆరేసి చొప్పున రెండు పొరలు. చక్కగా గట్టిపడింది, ఒక్క బుడగ లేదు. మా తమ్ముడి కూతురు సెలవులకి వచ్చి రోజూ పక్కనే కూర్చునేది, అదే రోజు ప్రిన్సిప్ కంటే ముందు బాంబు వేసిన అతని ముఠావాడు చాబ్రినోవిచ్ కథ తనకి అంతకుముందే చెప్పాను: పొద్దున పది దాటాక చుమురియా వంతెన దగ్గర విసిరాడు, అది మడిచిన టాపు మీద పడి జారి వెనక కారు కింద పేలింది, ఇరవై మంది దాకా దెబ్బలు తిన్నారు, ఇతను సైనైడ్ మింగి నదిలో దూకాడు అని. నేను పోసిన నదిని చూసి తను అడిగింది, "పెదనాన్నా, ఇంత లోతులో దూకితే మునిగిపోవాలి కదా, మరి ఆయన్ని ఎలా పట్టుకున్నారు?"

నా దగ్గర జవాబు ఉంది, బల్ల మీద మాత్రం తప్పు ఉంది. ఆ ఎండాకాలం మిల్యాట్స్కాలో 13 సెంటీమీటర్ల నీళ్లే ఉన్నాయి. చీలమండ లోతు. సైనైడ్ పాతబడిపోయింది, వాంతి అయ్యింది తప్ప ప్రాణం పోలేదు. జనం దిగి, కొట్టి, పోలీసులకి అప్పగించారు. 13 సెంటీమీటర్లను 35తో భాగిస్తే 3.7 మిల్లీమీటర్లు. నేను పోసింది 12, అంటే అసలు లెక్కలో 42 సెంటీమీటర్లు. చూడటానికి మా ధవళేశ్వరం బ్యారేజీ ఎగువన గోదారిలా నిండుగా ఉంది. చాబ్రినోవిచ్ దూకింది ఈ మూల దగ్గర కాదు, ఇంకాస్త అవతల, అయినా నది అదే, రోజూ అదే. ఆ ఉదయం ఆ నది ఎండి ఉందన్న విషయం నా బోర్డు మీద కనబడాలి. కనబడకపోతే మిగతాదంతా అంత జాగ్రత్తగా ఎందుకు చేసినట్టు? హ్యాక్సా బ్లేడుతో నది భాగం మొత్తం కోసి తీసేసి, అడుగు ఎత్తు పెంచి, గులకరాళ్లు మళ్లీ అతికించాను. గులకరాళ్లకి ఫెవికాల్‌లో సగానికి సగం నీళ్లు కలిపితే చాలు, ఇంపోర్టెడ్ గ్రావెల్ ఫిక్సర్ల మీద డబ్బు పెట్టొద్దని నా సలహా. నది అడుగు రంగుకి కామ్లిన్ బర్న్ట్ అంబర్ వాడాను, వాలెజో (మోడల్ రంగుల కంపెనీ) బ్రౌన్ పక్కన పెట్టి చూసినా ఏమాత్రం తక్కువ కాదు. మనుషుల ముఖాలకి మాత్రం వాలెజోయే.

కష్టం ఇక్కడ మొదలైంది. నది 40 సెంటీమీటర్ల పొడవు, 9 వెడల్పు, 3.7 మిల్లీమీటర్ల లోతు. అంటే 133 మిల్లీలీటర్లు, తూకంలో దాదాపు 146 గ్రాములు. రెండో పోతకి ఇంట్లో మిగిలిన లోతు పోతల (ఒకేసారి మందంగా పోసే రకం) రెజిన్‌నే తీశాను. డబ్బా మీద 2:1 అని ఉంది. వంటింటి తూకం మీద 98 గ్రాముల రెజిన్, 49 గ్రాముల హార్డెనర్ పెట్టి కలిపాను. మూడు రోజులైనా బెల్లం పాకంలా వేలికి అంటుకుంటూనే ఉంది. అప్పుడు డబ్బా మళ్లీ చదివితే 2:1 అన్నది కొలతకి, తూకానికి కాదు, తూకానికైతే 100కి 45 అని కింద చిన్న అక్షరాల్లో ఉంది. రెజిన్ బరువెక్కువ, హార్డెనర్ తేలిక, అందుకే ఆ తేడా. హార్డెనర్ దాదాపు ఐదు గ్రాములు ఎక్కువ పడింది. మొదటిసారి కప్పు గీతలు చూసి పోశాను కాబట్టి ఆ తప్పు జరగలేదు.

మూడో పోత సరైన తూకంతోనే, 101కి 45. ఈసారి నడుమ గట్టిపడింది, అంచులు వంగుతున్నాయి, పైనంతా సబ్బు నీళ్లు ఆరిన మరకలాంటి పొర. ఆ పొర గోరువెచ్చటి నీళ్లు, పాత్రలు తోమే పీచుతో రుద్దితే పోయింది, అంటే అది గాలిలోని తేమ వల్ల వచ్చిందే. గది లెక్కలు రాసిపెట్టాను: 27 డిగ్రీలు, తేమ 84 శాతం. రాజమండ్రిలో జూలై నెల, అంతకంటే ఏం తగ్గుతుంది.

ఇక గుడ్డిగా పోయడం మానేసి సీసా మూతలు వరసగా పెట్టి పరీక్ష చేశాను. ఒకే కప్పులో కలిపిన రెజిన్, లోతులు వేరు. 12 మిల్లీమీటర్లది 24 గంటల్లో రాయి అయ్యింది. 6 మిల్లీమీటర్లది రెండో రోజు సాయంత్రానికి. 4 మిల్లీమీటర్లది 72 గంటల తర్వాత కూడా చెప్పు అట్టలా వంగుతోంది. 2 మిల్లీమీటర్లది వారం దాటింది, ఇంకా జిగటే. లోతు పోతల రెజిన్ తన వేడితో తానే గట్టిపడుతుంది, పల్చగా పోస్తే ఆ వేడి పుట్టగానే చల్లారిపోతుంది. నాకు కావాల్సిన 3.7 సరిగ్గా అది పనిచేయని లోతు. ఆ రోజు ఆ నదిలో నీళ్లు ఇంకో రెండు జానలు ఉండుంటే నా పని జూన్‌లోనే అయిపోయేది.

రెండో విడత మూతల్ని చేపల థర్మోకోల్ పెట్టెలో పెట్టి, 40 వాట్ల బల్బు చుట్టూ రేకు డబ్బా తొడిగి (రేకు లేకుండా పెట్టొద్దు, థర్మోకోల్ అంటుకుంటుంది), సిలికా జెల్ సంచులు ఆరు వేశాను. లోపల 35 డిగ్రీలు, తేమ 52. 4 మిల్లీమీటర్లది 48 గంటల్లో గట్టిపడింది, పైన పొర లేదు. ఎగిరి గంతేశాను. ఆ ధైర్యంతోనే నాలుగో పోత, ఇదిగో ఈ తెల్ల చార.

ఎందుకొచ్చింది? నాకు మూడు అనుమానాలున్నాయి. ఒకటి, పెట్టెలో వేడి ఒకేలా లేదు. రెండు థర్మామీటర్లు పెట్టి చూస్తే బల్బు వైపు 37, గోడ వైపు 31. రెండు, గట్టు గోడ ప్లాస్టర్ ఆఫ్ పారిస్‌తో పోసింది, వానల్లో నాలుగు రోజులే ఆరింది. పైన రంగు వేశాను గాని అడుగున సీల్ చేయలేదు, వెచ్చబడగానే లోపలి చెమ్మ రెజిన్‌లోకి వచ్చి ఉంటుంది, తెల్లదనం ఆ లెక్కకి సరిపోతుంది. మూడోది రాయడానికి బాధగా ఉంది. పోత అయ్యాక కప్పు గోడలకి అంటుకున్నది వృథా కాకూడదని ఐస్‌క్రీమ్ పుల్లతో గీకి, ఆ ఆఖరి పది గ్రాములూ గోడ వారగానే వదిలాను. కప్పు అంచున ఉండేది సరిగ్గా కలవని రెజిన్. నిన్న అర్ధరాత్రి మళ్లీ కలిపి, నడుమది ఒక మూతలో, గీకింది ఇంకో మూతలో, రెండూ 4 మిల్లీమీటర్లే, పక్కపక్కన పెట్టాను. పొద్దున చూస్తే నడుమది చిక్కబడింది, గీకింది ఇంకా నీళ్లలానే కదులుతోంది. అయితే గీకింది జిగటకి కారణం అవుతుందేమో గాని తెల్ల రంగుకి కాదు. కాబట్టి చెమ్మ కూడా ఉన్నట్టే. ప్లాస్టర్ ముక్క ఒకటి సీల్ చేసి, ఒకటి చేయకుండా వేరే మూతల్లో నిలబెట్టి పోశాను, రేపు తెలుస్తుంది.

గోడకి రెజిన్ 3 మిల్లీమీటర్లు పైకి పాకింది కూడా. అసలు లెక్కలో పది సెంటీమీటర్లు, నీళ్లు గోడని నాకుతున్నట్టు ఉంది. దానికి గోడ మీద నీటి గీత వరకు మైనం పూత వేసి చూడాలి.

ఐదోసారికి లోతు పోతల రెజిన్ వదిలేసి పల్చటి పూతల రకం, కొలతకి 1:1ది, తెప్పించాను. పొరకి 1.2 చొప్పున మూడు పొరలు, ఒక్కో పొరకి 43 మిల్లీలీటర్లు, పొరకీ పొరకీ మధ్య ఐదారు గంటలు. కలిపాక రెండో కప్పులోకి మార్చి మళ్లీ కలపడం, కప్పు గీకడం బంద్. పూతల రకం త్వరగా పసుపెక్కుతుందంటారు, ఎక్కనీ, ఎలాగూ ఆ నదికి కాస్త బురద రంగు కావాలి. 0.1 గ్రాము పలికే తూకం కూడా కొన్నాను, ఇది మొదటే కొనాల్సింది.

ఈలోగా వెనక సీటు బొమ్మలు. యువరాజు భార్య సోఫీ తెల్ల దుస్తులు అయిపోయాయి. ఫెర్డినాండ్‌ది లేత నీలం కోటు, టోపీకి ఆకుపచ్చ ఈకలు. ఈకల్ని చిన్న బ్రష్షు వెంట్రుకలతో చేస్తున్నాను, ఇప్పటికి సగం అయ్యాయి. ఈ మనిషే 1893లో లోకం చుట్టి వస్తూ మన హైదరాబాదులో ఆరో నిజాం మహబూబ్ అలీ ఖాన్ అతిథిగా ఉండి వేటాడి వెళ్లాడు. అప్పటికి ప్రిన్సిప్ ఇంకా పుట్టనే లేదు, పుట్టింది మరుసటి ఏడాది జూలైలో. ఫెర్డినాండ్ మెలితిప్పిన మీసం గీస్తున్నప్పుడల్లా అదే గుర్తొస్తోంది.

దీని తర్వాత ఏమిటన్నది ఇంకా ఊగిసలాటలో ఉంది. హైదరాబాద్ లాన్సర్లను (నిజాం గుర్రపు దళం) సూయజ్ ఇసుకలో పెట్టాలని ఒక ఆశ, ఇసుక కాబట్టి నీళ్ల గొడవ ఉండదు. రెండోది, 1914 సెప్టెంబరు 22 రాత్రి మద్రాసు రేవు ముందు జర్మన్ యుద్ధనౌక ఎమ్డెన్. రెవెల్ 1/350లో ఆ ఓడ 34 సెంటీమీటర్లు వస్తుంది, అచ్చులు శుభ్రంగా ఉంటాయి. రాత్రి సముద్రం నల్లగా ఉంటుంది కాబట్టి రెజిన్ అక్కర్లేదు, టిష్యూ పేపరు, ఫెవికాల్, పైన మెరుపు వార్నిష్ చాలు. చమురు ట్యాంకుల మంటకి మాత్రం ఎల్ఈడీ పెట్టాలి, వైరింగ్ తెలిసినవాళ్లు ఎవరైనా ఉంటే మిణుకు ఎలా తెప్పిస్తారో చెప్పండి.

ముందు ఈ 3.7 మిల్లీమీటర్లు తేలాలి. కొత్త రెజిన్ గురువారం వస్తుంది, గోడ అడుగు రెండుసార్లు సీల్ చేసి శుక్రవారమంతా పెట్టెలో ఆరబెట్టి, శనివారం పొద్దున మొదటి పొర పోస్తాను. మా తమ్ముడి కూతురు బడి ఉందని వెళ్లిపోయింది, పోసేటప్పుడు వీడియో కాల్ చేయమంది.