పేరు వద్దన్న మనిషి

రాత్రి ఒంటిగంటన్నర. ‘స్ప్రింగ్ ఫీవర్’ సినిమా అయిపోయి అరగంటయినా ల్యాప్‌టాప్ మూయబుద్ధి కావట్లేదు. నాన్జింగ్ వీధుల్లో కెమెరా వణుకుతూ, చీకట్లో ముఖాలు సరిగ్గా కనపడకుండా ఉంటే మొదట చిరాకు పడ్డాను. తర్వాత చదివితే తెలిసింది, అది తీసేనాటికి దర్శకుడు లౌ యేకి సొంత దేశం చైనాలో సినిమా తీసే అనుమతే లేదని.

1989 తియానన్మెన్ విద్యార్థి నిరసనల రోజులున్న తన ‘సమ్మర్ ప్యాలెస్’ని 2006లో అనుమతి లేకుండా కాన్ చిత్రోత్సవానికి తీసుకెళ్లినందుకు ఐదేళ్ల నిషేధం. ఆ నిషేధంలోనే చిన్న డిజిటల్ కెమెరాతో గుట్టుగా తీసిన ఈ సినిమాకి 2009లో అదే కాన్‌లో ఉత్తమ స్క్రీన్‌ప్లే అవార్డు.

నన్ను వదలనిది మాత్రం 2012 సంగతి. నిషేధం తీరాక తీసిన ‘మిస్టరీ’లో, సుత్తితో కొట్టి చంపే సీను తగ్గించమని విడుదలకి ముందు సెన్సార్ వాళ్లు పట్టుబట్టారు. వాళ్లతో నడిచిన తతంగమంతా లౌ యే చైనా సోషల్ మీడియా వైబోలో జనం ముందు పెట్టేశాడు, చివరికి చైనాలో ఆడే ప్రింటు మీద దర్శకుడిగా తన పేరే వద్దన్నాడు.

తెర మీద పేరు పడాలనే కదా ఎవరైనా ఏళ్లకేళ్లు తిరుగుతారు! అది వదులుకోవడానికి ఎంత నొప్పి పడి ఉంటాడో అనుకుంటే నిద్ర రావట్లేదు.

రేపు అతని ‘సుజౌ రివర్’ చూస్తాను. దానికీ రెండేళ్ల నిషేధం పడింది.