పంచాయతీ బాకీకి మూడేళ్లే ఆయుష్షు

వేసవిలో బోరు మోటారు కాలిపోగానే పంచాయతీ నుంచి ఫోన్ వస్తుంది: "ముందు బిగించీండి, తీర్మానం తర్వాత చూసుకుందాం." శ్రీకాకుళం, విజయనగరం జిల్లాల్లో సరుకు ఇచ్చినవారికి, పని చేసినవారికి పంచాయతీలు పడే బాకీలు చాలావరకు ఇలాగే మొదలవుతాయి. కోర్టుకెళ్లేసరికి ఆ ఫోన్ మాట ఎక్కడా ఉండదు.

అందుకే సరుకు దించిన రోజే డెలివరీ చలానా మీద తీసుకున్నవారి పేరు, హోదా, తేదీ, ఆఫీసు ముద్ర వేయించుకోవాలి. ఉత్త గీత సంతకమైతే రెండేళ్లకి అది ఎవరిదో చెప్పేవాడుండడు. బిల్లు ఆఫీసులో కాగితాలు తీసుకునే తపాల్ విభాగంలో ఇచ్చి, మన నకలు మీద ఇన్‌వర్డ్ నంబరు రాయించుకోవాలి. పని చేసినట్లయితే ఇంజినీరు ఎం-బుక్‌లో (కొలతల పుస్తకంలో) పని కొలతలు ఎక్కించారో లేదో అప్పుడే చూసుకోవాలి.

తర్వాత బిల్లు ఎక్కడ ఆగిందో తెలియాలి. తీర్మానం చేయలేదా, ఎం-బుక్ రాయలేదా, పంచాయతీ చెల్లింపుల పోర్టల్ ఈ-గ్రామ్‌స్వరాజ్‌లో డిజిటల్ సంతకం పడలేదా, బ్యాంకు ఖాతాలో పేరు తేడా వచ్చి వెనక్కొచ్చిందా? సమాచార హక్కు దరఖాస్తుకు గ్రామ స్థాయిలో ఫీజు లేదు, మండల స్థాయిలో 5 రూపాయలు, ఆపైన 10. జవాబుకు గడువు 30 రోజులు. తీర్మానం నకలు, ఎం-బుక్ పేజీ, చెల్లింపు ఓచర్ స్థితి పేరు పేరునా అడగండి. "నా బిల్లు ఎందుకు ఇవ్వలేదు" అని అడిగితే వచ్చే జవాబు దేనికీ పనికిరాదు.

ఇక గడువు. అరువు గడువేమీ అనుకోకుండా ఇచ్చిన సరుకుకు, దించిన రోజు నుంచి మూడేళ్లలో దావా వేయాలి. చేసిన పనికైతే పని పూర్తయిన రోజు నుంచి మూడేళ్లు. సోమవారం కలెక్టరేట్‌లో ఇచ్చిన అర్జీ రసీదు ఈ గడువును ఆపదు. ఎన్ని రసీదులు కుట్టి పెట్టుకున్నా అంతే. మూడేళ్ల లోపు "ఇంత బాకీ ఉన్న మాట నిజమే" అని ఆఫీసు రాసి సంతకం పెడితే మాత్రం ఆ తేదీ నుంచి మళ్లీ మూడేళ్లు మొదలవుతాయి. నిధులు రాగానే ఇస్తామన్న ఒక్క లెటరు పది అర్జీల పెట్టు.

"అది పాత సర్పంచ్ బాకీ" అన్న మాటకు చట్టంలో విలువ లేదు. సర్పంచ్ మారినా, ప్రత్యేకాధికారి వచ్చినా పంచాయతీ అదే సంస్థ, బాకీ దానిదే. దావా కూడా పంచాయతీ పేరునే వేయాలి.

సూక్ష్మ, చిన్న పరిశ్రమగా కేంద్రం ఇచ్చే ఉద్యమ్ రిజిస్ట్రేషన్ ఉన్నవారికి 2006 నాటి ఎంఎస్ఎంఈడీ (సూక్ష్మ, చిన్న, మధ్యతరహా సంస్థల అభివృద్ధి) చట్టం మంచి ఆయుధం. ఒప్పందం ఉన్నా 45 రోజులు దాటకూడదు, లేకుంటే 15 రోజుల్లో చెల్లించాలి. దాటితే రిజర్వ్ బ్యాంకు బ్యాంక్ రేటుకు మూడు రెట్లు, నెలనెలా చక్రవడ్డీ. రేటు 6 శాతం అనుకుంటే 18 అన్నమాట. కేంద్ర ఎంఎస్ఎంఈ శాఖ ఆన్‌లైన్ పోర్టల్‌లో వర్క్ ఆర్డరు, ఇన్‌వాయిస్ ఎక్కిస్తే కేసు ఇలాంటి బాకీల తగాదాలు చూసే ఫెసిలిటేషన్ కౌన్సిల్‌కు వెళ్తుంది. ముందు రాజీ, కుదరకుంటే ఆర్బిట్రేషన్ (మధ్యవర్తి తీర్పు). అవార్డు మీద కోర్టుకెళ్లాలంటే కొన్నవారు 75 శాతం సొమ్ము ముందు కట్టాలి.

చాలామంది బోల్తా పడేదీ ఇక్కడే. బ్లీచింగ్ పౌడరు, వీధి దీపాలు కొని అమ్మే దుకాణానికి ఉద్యమ్ సర్టిఫికెట్ ఉన్నా, అది బ్యాంకు రుణాల ప్రాధాన్యం వరకే. ఈ వడ్డీ రాదు. మోటారు రీవైండింగ్ షాపు సేవ కిందికి వస్తుంది కాబట్టి ఇబ్బంది లేదు. సీసీ రోడ్లు, డ్రైన్ల కాంట్రాక్టులపై కోర్టుల తీర్పులు ఒక్క తీరుగా లేవు. సరుకు ఇచ్చేశాక తీసుకున్న రిజిస్ట్రేషన్‌నూ నమ్ముకోవద్దు.

దుకాణదారుకు మిగిలేది సివిల్ దావా. దానికి ముందు జిల్లా న్యాయసేవాధికార సంస్థలో ప్రీ-లిటిగేషన్ (దావాకు ముందు రాజీ) అర్జీ పెట్టి చూడొచ్చు, కోర్టు ఫీజు ఉండదు. అక్కడ రాజీ కుదిరితే ఆ అవార్డు డిక్రీతో సమానం. కలెక్టరును కూడా పార్టీగా చేర్చేట్లయితే రెండు నెలల నోటీసు తప్పదు, ఆ రెండు నెలలూ ముందే లెక్కేసుకోవాలి. రాతపూర్వక ఆర్డరు లేకున్నా ఆశ వదులుకోనక్కర్లేదు: ఊరికే ఇవ్వని సరుకు తీసుకుని వాడుకున్నవారు దాని విలువ కట్టివ్వాలని 1872 కాంట్రాక్టు చట్టం 70వ సెక్షన్ చెబుతోంది. కానీ వాడుకున్నారని రుజువు చేయడానికి మళ్లీ ఆ చలానాయే కావాలి.

హైకోర్టులో రిట్ (ఆఫీసుకు ఆదేశం ఇమ్మని వేసే పిటిషన్) అనేది బాకీ ఎంతో ఆఫీసే ఒప్పుకున్నప్పుడు పనికొస్తుంది. లెక్కలో తగాదా ఉంటే సివిల్ కోర్టుకు పొమ్మంటారు. అమరావతి బస్సెక్కే ముందు సమాచార హక్కు కింద వచ్చిన ఎం-బుక్ పేజీ, తీర్మానం నకలు చేతిలో ఉన్నాయో లేదో చూసుకోండి.