పొర దాటడానికి నేను పడ్డ పాట్లు: ఒక వైవా అనుభవం

మొత్తానికి సెల్ ఫిజియాలజీ ప్రాక్టికల్ గట్టెక్కాను. రికార్డు మీద నిన్ననే సంతకం పడింది. ఇంకొన్నాళ్ళు పోతే నేనూ మా సీనియర్లలాగే "ఏముంది, ఈజీనే" అనేస్తానేమోనని వేడి మీదున్నప్పుడే రాస్తున్నాను. అంతా కష్టమేమీ కాదు. పేగులో గ్లూకోజ్ కణపొరను ఎలా దాటుతుందన్న ఒక్క ప్రశ్న దగ్గరే ప్రాణం తోడేశారు.

రికార్డు గురించి పెద్దగా చెప్పక్కర్లేదు. బొమ్మలు పెన్సిల్‌తో వేయండి, భాగాల పేర్లన్నీ ఒకే వైపు రాయండి, గడువులోపల ఇచ్చేయండి. ద్రవాభిసరణకు, అంటే పొర గుండా నీళ్ళు పోవడాన్ని చూపడానికి, బంగాళదుంప ప్రయోగం ఎవరు చేసినా వస్తుంది.

కణద్రవ్య సంకోచం మాత్రం కాస్త ఓపిగ్గా చేయాలి. రియో అనే మొక్క ఆకును మడిచి ఏటవాలుగా చించితే అడుగు వైపు నుంచి పల్చటి పొర లేస్తుంది. మైక్రోస్కోపు కింద దాన్నిండా ఊదారంగు గళ్ళు కనిపిస్తాయి, ఒక్కో గడి ఒక్కో కణం. కవర్ గ్లాసుకు ఒక అంచున గాఢమైన చక్కెర ద్రావణం చుక్క వేసి, ఎదుటి అంచున ఫిల్టర్ పేపర్ ముక్క ఆనిస్తే ద్రావణం లోపలికి పాకుతుంది. కాసేపటికి గడి మూలల్లో రంగు గోడను వదిలేయడం మొదలవుతుంది. కణకవచం ఎక్కడిదక్కడే నిలబడి ఉంటుంది, లోపలి ఊదా ముద్ద మాత్రం ముడుచుకుంటూ చిక్కబడుతుంది. ఇక్కడ చూడాల్సింది ముడుచుకోవడం ఒక్కటే కాదు. నీళ్ళు బయటికి వచ్చేశాయి, రంగు రాలేదు. కణకవచానికి లోపల ఉండే కణపొర ఒకదాన్ని వదిలి ఇంకోదాన్ని పట్టి ఉంచింది. ఈ ఒక్క వాక్యం రికార్డులో రాయండి, చాలామంది రాయరు. మళ్ళీ మామూలు నీళ్ళు ఇస్తే ముద్ద ఉబ్బి గోడను తాకుతుంది. ఎక్కువసేపు చక్కెరలో వదిలేస్తే కణం చచ్చిపోతుంది, తర్వాత ఎన్ని నీళ్ళు పోసినా లేవదు.

థియరీ కూడా మొదట్లో బాగానే సాగింది. 1972లో సింగర్, నికల్సన్ చెప్పిన నమూనా ప్రకారం కణపొర అంటే రెండు వరసల కొవ్వు అణువులు, వాటి మధ్య దిగబడిన ప్రోటీన్లు. ఆక్సిజన్, కార్బన్ డయాక్సైడ్ లాంటివి కొవ్వులోంచే జారిపోతాయి. అయాన్లకు, చక్కెరలకు ఆ దారి లేదు, ప్రోటీన్ తలుపు కావాల్సిందే. నీళ్ళు కొంత నేరుగా పోయినా, వేగంగా పోవాలంటే ఆక్వాపోరిన్ ఉండాలి. ఆ ప్రోటీన్‌ను కనిపెట్టినందుకే పీటర్ ఆగ్రెకి 2003లో నోబెల్ వచ్చింది. ఇదంతా నాకు కంఠతా వచ్చు.

ఇక గైడు. మా క్లాసులో అందరి దగ్గరా ఉండే గైడే అది. అందులో నీటుగా గీసిన ఒక పట్టిక ఉంటుంది. ఎడమ వైపు నిష్క్రియా రవాణా: శక్తి అక్కర్లేదు, ఎక్కువ గాఢత నుంచి తక్కువ గాఢతకు, ఉదాహరణ గ్లూకోజ్. కుడి వైపు సక్రియా రవాణా: ఎటిపి (కణానికి శక్తినిచ్చే అణువు) కావాలి, తక్కువ నుంచి ఎక్కువకు, ఉదాహరణ సోడియం-పొటాషియం పంపు. మధ్యలో లావుపాటి గీత. ఆ గీతే నా కొంప ముంచింది.

వైవాకి, అంటే నోటి పరీక్షకి, బయటి నుంచి వచ్చిన ఎగ్జామినర్ నా రికార్డు తిరగేసి, తలెత్తకుండానే అడిగారు: "ఏమ్మా, చిన్నపేగులో గ్లూకోజ్ ఎలా లోపలికి పోతుంది?"

"సులభతర విసరణ సర్. ప్రోటీన్ తలుపు గుండా ఎక్కువ నుంచి తక్కువకు జారుతుంది, శక్తి అక్కర్లేదు."

"అంటే పేగులో ఎక్కువున్నంతసేపే పోతుంది. చివర్లో పేగులో గ్లూకోజ్ కణంలో కన్నా తక్కువైపోతుంది కదా, అప్పుడు? మిగిలింది వదిలేస్తుందా? లోపలికి పోయింది వెనక్కి వచ్చేస్తుందా?"

వదిలేయదని తెలుసు. అందుకే "సక్రియా రవాణా సర్" అన్నాను. ఆయన అప్పుడు తలెత్తారు. "ఓహో. అయితే ఆ ప్రోటీన్ ఎటిపిని ఎక్కడ పట్టుకుంటుంది?"

నా నోరు పెగల్లేదు. పట్టికలో ఆ గడి లేదు. ఎగ్జామినర్ గారు, వెనక వరసలో కూర్చున్న వాళ్ళకి వినిపించేలా, "ఇటు నొక్కితే నిష్క్రియా, అటు నొక్కితే సక్రియా. స్విచ్ బోర్డు అనుకున్నావా?" అన్నారు. అందరూ నవ్వారు. మా లెక్చరర్ కూడా నవ్వారు, అది ఇంకా మర్చిపోలేదు. రికార్డు సంతకం లేకుండా వెనక్కి వచ్చింది, మళ్ళీ రమ్మన్నారు. తల కొట్టేసినట్టయింది. బయటికి వచ్చాక మా లెక్చరర్‌ని జవాబు అడిగితే "అది మన సిలబస్‌లో లేదులే అమ్మా" అన్నారు. సిలబస్‌లో లేని దానికి అందరితో కలిసి నవ్వడమెందుకో ఆయనే చెప్పాలి.

నాకు అర్థమైన తీరు చెప్తాను. గైడు మూసేసి, ఒక తెల్లకాగితం మీద పేగు గోడలోని ఒక్క కణాన్ని పెద్దగా గీయండి. పైవైపు పేగులోకి తెరుచుకుని ఉంటుంది, కిందివైపు రక్తం. పక్క కణాలతో గట్టిగా అతుక్కుని ఉండే ఆ అతుకుల వల్ల పైవైపు ప్రోటీన్లు కిందికి, కిందివైపువి పైకి జారిపోవు. అసలు కీలకమంతా ఈ రెండు ముఖాల తేడాలోనే ఉంది. గైడు బొమ్మలో కణం ఒక గుండ్రటి సున్నా, దానికి పైనా కిందా లేవు. అందులోంచి ఈ జవాబు జన్మలో రాదు.

మొదట కిందివైపు సోడియం-పొటాషియం పంపును పెట్టండి. ఒక ఎటిపిని విరిచి మూడు సోడియం అయాన్లను బయటికి తోస్తుంది, రెండు పొటాషియంలను లోపలికి లాగుతుంది. జెన్స్ స్కౌ అనే శాస్త్రవేత్త 1957లో పీత కాలి నరాల్లో దీన్ని పట్టుకున్నారు. నోబెల్ ఇవ్వడానికి 1997 దాకా ఆగారు, అది వేరే కథ. ఈ పంపు ఆగకుండా తోడుతుంటే కణం లోపల సోడియం బయట ఉన్నదాంట్లో పదో వంతుకు పడిపోతుంది. లోపలివైపు విద్యుత్ ఆవేశం కూడా రుణాత్మకంగా ఉంటుంది. అంటే బయటి సోడియానికి లోపలికి రావడానికి రెండు కారణాలున్నాయి, దారి మాత్రం లేదు.

ఆ దారి పైవైపున ఉంది. అదొక ప్రోటీన్, పేరు ఎస్‌జీఎల్‌టీ-1. అది సోడియాన్ని ఊరికే రానివ్వదు. రెండు సోడియంలు, ఒక గ్లూకోజ్ కలిసి వస్తేనే మడత తిరిగి లోపలికి వదులుతుంది. సోడియం దిగువకు వస్తుంటే దాని ఊపుకు గ్లూకోజ్ ఎగువకు ఎక్కుతుంది. ఈ ప్రోటీన్ ఎటిపిని అసలు ముట్టుకోదు. ఎగ్జామినర్ అడిగిన "ఎక్కడ పట్టుకుంటుంది"కి జవాబు "ఎక్కడా పట్టుకోదు" అన్నమాట. అది తిరకాసు ప్రశ్న, కావాలనే అడిగారు. మోటారు వేసి మేడమీది ట్యాంకు నింపాక కుళాయి తిప్పితే నీళ్ళు వాటంతటవే వస్తాయి, కరెంటు బిల్లు మాత్రం మోటారుది. ఇక్కడ మోటారు కిందివైపు ఉంది, కుళాయి పైవైపు ఉంది.

రెండు సోడియంలు ఎందుకో లెక్క వేస్తే ముచ్చటేస్తుంది. సోడియం తేడా పదింతలు అనుకుంటే, ఒక అయాన్ లాగగలిగింది పదింతలే. రెండు కలిసి లాగితే పది పదులు వంద. ఆవేశం తోడ్పాటు దీనికి అదనం. అందుకే పేగులోని గ్లూకోజ్‌ను దాదాపు చివరి అణువు దాకా ఊడ్చి లోపలేసుకోగలదు.

ఇక కణంలో గ్లూకోజ్ రక్తంలో కన్నా ఎక్కువైంది కాబట్టి, కిందివైపు గ్లూట్-2 అనే ప్రోటీన్ గుండా దిగువకు జారిపోతుంది. అది అచ్చమైన సులభతర విసరణ, శక్తి పనే లేదు. చూశారా, లోపలికొచ్చే తలుపు దగ్గర నా రెండో జవాబు సరైనది (ఎటిపి ఖర్చు పంపు ఖాతాలో పడుతుంది, అంతే), బయటికెళ్ళే తలుపు దగ్గర మొదటిది సరైనది. రెండూ చెప్పిన మనిషిని చూసి నవ్వారు! ఆయన "ఏ తలుపు?" అని ఒక్క మాట అడిగి ఉంటే సరిపోయేది. విద్యార్థిని ఆలోచింపజేసే ప్రశ్న వేరు, పదిమందిలో పలచన చేసే ప్రశ్న వేరు. కుర్చీలో కూర్చున్నవాళ్ళకి ఈ తేడా తెలియకపోతే ఎన్ని డిగ్రీలుంటే ఏం లాభం.

గ్లూకోజ్‌ను సోడియంతో ముడిపెట్టే ఈ మెలికను మొదట చెప్పింది రాబర్ట్ క్రేన్ అనే శాస్త్రవేత్త, 1960లో ప్రాగ్‌లో జరిగిన సమావేశంలో. పాఠంలో ఆయన పేరే లేదు. విరేచనాలకు తాగించే ఓఆర్ఎస్ పని చేసేదే దీని మీద. 2002 నుంచి ప్రపంచ ఆరోగ్య సంస్థ చెప్తున్న పాళ్ళలో లీటరుకు సోడియం 75 మిల్లీమోల్, గ్లూకోజ్ కూడా 75 ఉంటాయి. గ్లూకోజ్ వేసేది ఓపిక కోసమే అనుకుంటాం గానీ, అసలు పని సోడియాన్ని వెంటబెట్టుకుని లోపలికి పోవడం. ఆ రెండింటి వెనకే నీళ్ళూ పోతాయి. పుట్టుకతోనే ఎస్‌జీఎల్‌టీ-1 పనిచేయని పిల్లలుంటారు. వాళ్ళకి గ్లూకోజ్ ఇస్తే విరేచనాలు పట్టుకుంటాయి, ఫ్రక్టోజ్ మాత్రం సరిపడుతుంది. ఎందుకంటే దాని తలుపు వేరు, గ్లూట్-5. గైడులో ఈ ఒక్క ముక్క ఉన్నా నేను ఆ రోజు ఆగేదాన్ని కాదు.

మళ్ళీ వైవాకి వేరే మేడమ్ వచ్చారు. ఈసారి టెన్షన్ తక్కువే. ఓఆర్ఎస్ గురించి నేనే ఎత్తాను. మీరూ అలాగే చేయండి, మీకు తెలిసిన చోటికి ప్రశ్నను లాక్కురండి. ఆవిడ ఊరుకోలేదు.

"ఊబైన్ తెలుసా? పేగు ముక్క మీద ప్రయోగం చేస్తూ ఊబైన్‌తో పంపును ఆపాలంటే ఏ వైపు వేస్తావు?"

"రక్తం వైపు మేడమ్. పంపు అటే ఉంది."

"గ్లూకోజ్ వెంటనే ఆగిపోతుందా?"

"ఆగదు మేడమ్. లోపలా బయటా సోడియం తేడా ఉన్నంతసేపు వస్తూనే ఉంటుంది. పంపు లేదు కాబట్టి లోపల సోడియం పేరుకుంటూ పోయి, తేడా తగ్గేకొద్దీ నెమ్మదించి ఆగుతుంది."

ఆవిడ పెన్ను మూత తీశారు. నేను ఆగలేక, మొక్కల్లో ఇదే పని సోడియం బదులు ప్రోటాన్లతో జరుగుతుందనీ, ప్రోటాన్ పంపు బయటికి తోస్తే సుక్రోజ్ వాటితో కలిసి లోపలికి వస్తుందనీ కూడా చెప్పేశాను. "అది నేను అడగలేదమ్మా" అన్నారు గానీ నవ్వుతూనే అన్నారు. ఆ మూల మా లెక్చరర్ కూడా ఉన్నారు, వినే ఉంటారు.

ఇప్పుడు మా బ్యాచ్‌లో ఈ ప్రశ్న ఎవరికి వచ్చినా నా దగ్గరికే వస్తున్నారు, తెల్లకాగితం తెచ్చుకోమంటున్నాను. మార్కులు ఇంకా చెప్పలేదు. గైడు కావాలని ఒక జూనియర్ అడిగితే, ఆ పట్టిక ఉన్న పేజీ చించేసి మిగతాది ఇచ్చాను.